ఫ్రెంచ్ ఛాయాగ్రాహకుడు రావుల్ కుతార్ వృత్తి జీవితం: తరచుగా అడిగే ప్రశ్నలు

రావుల్ కుతార్ ఎవరు?

1950ల చివరి నుంచి 2001 వరకు ఫ్రెంచ్ సినిమాలో పనిచేసిన ఛాయాగ్రాహకుడు. 1924 సెప్టెంబరు 16న పారిస్‌లో పుట్టారు. 2016 నవంబరు 8న, 92 ఏళ్ల వయసులో, ఫ్రాన్స్ నైరుతి కొసన బయోన్ పట్టణానికి సమీపంలో కన్నుమూశారు. 75కు పైగా చిత్రాలకు ఛాయాగ్రహణం అందించారు. జాన్-లుక్ గొదార్, ఫ్రాన్స్వా త్రూఫో, జాక్ దెమీ, కోస్తా-గవ్రాస్, పియెర్ షోండోర్ఫర్, ఫిలిప్ గారెల్ వంటి దర్శకుల పేర్లు ఆయన చిత్రాల పట్టికలో కనిపిస్తాయి. 1950ల చివర్లో యువ దర్శకులు మొదలుపెట్టిన ఫ్రెంచ్ న్యూవేవ్ సినిమా ఉద్యమం అనగానే మన కళ్ల ముందు మెదిలే నలుపు తెలుపు పారిస్ వీధుల్లో చాలా భాగం ఈయన కెమెరాలోంచి వచ్చినవే.

ఆయన సినిమా స్కూల్లో చదివారా?

లేదు. రసాయన శాస్త్రం చదవాలని కోరిక ఉండేది గానీ ఇంట్లో ఆర్థిక స్తోమత లేక, ఫోటో ల్యాబ్‌లో పనికి కుదిరారు. నెగటివ్ ఎలా కడుగుతారో, ఏ ద్రావణంలో ఎంతసేపు ఉంచితే ఎంత నలుపు తేలుతుందో అక్కడే చేతికి అలవాటైంది. ఆ తరువాత 1945లో సైన్యంతో పాటు ఇండోచైనాకు (నేటి వియత్నాం, లావోస్, కంబోడియాలు కలిసిన అప్పటి ఫ్రెంచ్ వలస ప్రాంతం) వెళ్లి, దాదాపు 11 ఏళ్లు ఆ ప్రాంతంలోనే గడిపారు. మొదట సైనిక ఫోటోగ్రాఫర్‌గానూ, తరువాత పత్రికల కోసం పనిచేసే స్వతంత్ర ఫోటోగ్రాఫర్‌గానూ తీసిన చిత్రాలు పారీ మాచ్, లైఫ్ వంటి పత్రికల్లో వచ్చాయి.

ఈ 11 ఏళ్లను ఆయన జీవితచరిత్రలో ఒక రంగుల అధ్యాయంగా చెప్పి వదిలేసేవారు ఎక్కువ. నా దృష్టిలో ఆయన తరువాతి పనికంతటికీ పునాది అక్కడే ఉంది. యుద్ధభూమిలో పత్రికా ఫోటోగ్రాఫర్‌కు లైట్లు పెట్టుకునే అవకాశం ఉండదు, మళ్లీ చేయమని ఎవరినీ అడగడానికి వీలుండదు, ఉన్న వెలుతురును కళ్లతో కొలిచి ఆ క్షణానికి సరిపడా ఎక్స్‌పోజర్ (ఫిల్ము మీద పడనిచ్చే వెలుతురు మోతాదు) పెట్టుకోవడం తప్ప గత్యంతరం లేదు. స్టూడియోలో పెరిగిన కెమెరామన్ ముందుగా లైట్ ఎక్కడ పెట్టాలని ఆలోచిస్తాడు. కుతార్ ముందుగా చూసేది వెలుతురు ఇప్పటికే ఎక్కడి నుంచి వస్తోందన్నది.

మరి సినిమాల్లోకి ఎలా వచ్చారు?

ఇండోచైనాలోనే ఆయనకు పియెర్ షోండోర్ఫర్ పరిచయమయ్యారు. సైన్యంలో కెమెరామన్‌గా పనిచేస్తూ 1954లో ఫ్రెంచ్ సైన్యం ఓడిన దియెన్ బియెన్ ఫూ వద్ద బందీగా పట్టుబడ్డ వ్యక్తి, తరువాత దర్శకుడైనవారు. 1956లో అఫ్గానిస్తాన్‌లో తీయబోయే ‘లా పాస్ ద్యు దియాబ్ల్’ అనే చిత్రానికి పనిచేయమని ఆయన కుతార్‌ను పిలిచారు. స్టిల్ ఫోటోలు తీయడానికి పిలిచారనుకుని కుతార్ ఒప్పుకున్నారు. తీరా చూస్తే సినిమా మొత్తాన్ని, అదీ సినిమాస్కోప్‌లో, తనే చిత్రీకరించాలని తెలిసింది. అప్పటికి ఆయన సినిమా కెమెరా పట్టి ఎరుగరు.

ఆ చిత్రానికి నిర్మాత జార్జ్ ద బోర్‌గార్. ఈ పేరు గుర్తుంచుకోవాలి, ఎందుకంటే కుతార్ వృత్తి జీవితంలో తరువాతి మలుపు కూడా ఈ నిర్మాత వల్లే వచ్చింది. షోండోర్ఫర్‌తోనే మరో రెండు చిత్రాలు, ‘రామున్‌చో’, ‘పెషూర్ దిస్లాంద్’ చేశాక, 1959 వేసవిలో అదే నిర్మాత గొదార్ అనే కొత్త దర్శకుడి మొదటి కథా చిత్రం ‘బ్రెత్‌లెస్’కు కుతార్‌ను కెమెరామన్‌గా పెట్టారు.

అంటే ‘బ్రెత్‌లెస్’ కోసం గొదార్ ఆయన్ను ఏరికోరి ఎంచుకోలేదా?

ఎంచుకోలేదు. గొదార్ మనసులో వేరే కెమెరామన్ ఉన్నా, నిర్మాత తనకు తెలిసిన మనిషి వైపే మొగ్గారు. పరస్పరం ఏమాత్రం పరిచయం లేని ఇద్దరు వ్యక్తులు అలా 1959 ఆగస్టులో పారిస్ వీధుల్లో షూటింగ్ మొదలుపెట్టి, సెప్టెంబరు మధ్యకల్లా ముగించారు. ఫ్రెంచ్‌లో ‘ఆ బు ద సూఫ్ల్’ అనే ఆ చిత్రం 1960 మార్చిలో విడుదలైంది. అప్పటి నుంచి 1967 దాకా గొదార్ తీసిన 15 కథా చిత్రాల్లో 14 కుతార్ చిత్రీకరించినవే. మిగిలిన ఒక్కటి, ‘మాస్క్యులాన్ ఫెమినాన్’, విల్లీ క్యురాన్ చేశారు. నిర్మాత కుదిర్చిన జంట ఇంతగా కుదరడం సినిమా చరిత్రలో అరుదు.

‘బ్రెత్‌లెస్’లో వాడిన ఫిల్ము గురించి ఎందుకంత ప్రత్యేకంగా చెప్పుకుంటారు?

ఈ ప్రశ్నకు కొంచెం విపులంగా జవాబు చెప్పాలి. అసలు సంగతి ఇక్కడే ఉంది.

గొదార్‌కు వార్తాచిత్రాల తరహా కావాలి. లైట్లు వద్దు, కెమెరా స్టాండు వద్దు, నటులు ఎటు నడిస్తే అటు వెళ్లగలగాలి. పగటిపూట వీధుల్లో దీనికి పెద్ద ఇబ్బంది లేదు. చిక్కంతా హోటల్ గదుల్లో, రాత్రి రోడ్ల మీద. అప్పట్లో సినిమాలకు మామూలుగా వాడే నెగటివ్‌లు ఆ వెలుతురుకు చాలవు. స్టిల్ ఫోటోగ్రాఫర్ అయిన కుతార్‌కు ఇల్‌ఫర్డ్ కంపెనీ వారి హెచ్‌పీఎస్ అనే ఫిల్ము తెలుసు. దాని వేగం, అంటే తక్కువ వెలుతురుకు కూడా స్పందించే గుణం, 400 ఏఎస్ఏ. కాకపోతే దాన్ని సినిమా కెమెరాల కోసం తయారు చేయడం లేదు. స్టిల్ కెమెరాల వారి కోసం 17.5 మీటర్ల చుట్టలుగా మాత్రమే అమ్మేవారు.

17.5 మీటర్ల ఫిల్ము సెకనుకు 24 ఫ్రేముల వేగంతో పరిగెడితే దాదాపు 38 సెకన్లలో అయిపోతుంది. అందుకని ఆ చిన్న చుట్టలను చీకటిలో ఒకదానికొకటి అతికించి పెద్ద రీళ్లుగా చేసుకున్నారు. ఇంకో చిక్కు కూడా ఉంది. స్టిల్ ఫిల్ము అంచున ఉండే రంధ్రాల కొలత సినిమా నెగటివ్ రంధ్రాలతో సరిగ్గా కలవదు. స్టూడియోల్లో వాడే భారీ మిచెల్ వంటి కెమెరాల్లో అది నడవదు. కుతార్ చేతిలో ఉన్నది ఎక్లెర్ కంపెనీ వారి కామెఫ్లెక్స్ గనుక బతికిపోయారు. తేలికపాటి ఆ కెమెరా ఈ ఫిల్మును మింగగలిగింది.

అక్కడితో ఆగలేదు. ల్యాబ్‌లో ఫెనిడోన్ అనే రసాయనం కలిసిన ద్రావణంలో కడిగించి, 400 ఉన్న వేగాన్ని 800 దాకా లాగారు. అంటే అంతకుముందు కావలసిన వెలుతురులో సగంతోనే బొమ్మ పడుతుంది. పెద్ద ల్యాబ్‌లు రోజంతా ఒకే ద్రావణంతో వేల మీటర్ల ఫిల్ము కడుగుతాయి. ఒక చిన్న సినిమా కోసం ఆ ఏర్పాటును మార్చడానికి ఇష్టపడవు. జీటీసీ ల్యాబ్ ఈ పనికి ఒప్పుకోవడం వల్లే ఆ రాత్రి దృశ్యాలు సాధ్యమయ్యాయి. షాంజెలీజే మీద దీపాలు వెలిగే వేళ తీసిన షాట్లలో గింజగింజగా కనిపించే ఆ గ్రెయిన్‌ను చాలామంది ఒక శైలిగా మెచ్చుకుంటారు. అది కావాలని అద్దిన అలంకారం కాదు. లైట్లు లేకుండా తీయాలన్న పట్టుదలకు చెల్లించిన మూల్యం. ఆ మూల్యమే అందంగా మారింది.

ఫోటో ల్యాబ్‌లో పనిచేసినవాడూ, పత్రికలకు ఫోటోలు తీసినవాడూ ఒకే మనిషి కాబట్టి ఈ ఆలోచన తట్టింది. సినిమా పరిశ్రమలోనే పైకి ఎదిగిన కెమెరామన్‌కు ఇది తోచి ఉండేదని నేను అనుకోను.

చక్రాల కుర్చీ, పోస్టాఫీసు బండి కథలు నిజమేనా?

నిజమే. ట్రాలీకీ ట్రాక్‌కూ డబ్బూ సమయమూ లేక, కుతార్‌ను చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి తోసుకుంటూ ట్రాకింగ్ షాట్లు తీశారు. షాంజెలీజే పేవ్‌మెంట్ మీద జీన్ సీబర్గ్ పత్రికలు అమ్ముతూ, జాన్-పాల్ బెల్మొండోతో కలిసి నడిచే పొడవాటి షాట్ కోసం, ఉత్తరాల మూటలు తీసుకెళ్లే తోపుడు బండిలో కుతార్‌ను కెమెరాతో సహా దాచారు. దారిన పోయేవారికి షూటింగ్ జరుగుతోందని తెలియకూడదన్నది ఉద్దేశం.

కామెఫ్లెక్స్ నడుస్తున్నప్పుడు చాలా చప్పుడు చేస్తుంది. అందుకే ఆ చిత్రంలో మాటలన్నీ తరువాత డబ్బింగ్ చెప్పించినవే. ఇందువల్ల మరో సౌకర్యం కలిగింది. షాట్ నడుస్తూండగానే గొదార్ నటులకు డైలాగులు అందించగలిగేవారు.

ఆయన లైట్లు అసలు వాడేవారే కాదని అంటారు. ఎంతవరకు నిజం?

అది సగం నిజం. తెలుగులోనూ ఇంగ్లీషులోనూ న్యూవేవ్ గురించి రాసే వ్యాసాల్లో ఈ మాట పదే పదే వస్తుంది గనుక కాస్త నిదానంగా చెప్పుకుందాం.

‘బ్రెత్‌లెస్’ తరువాత కుతార్ ఇళ్ల లోపల తీసిన దృశ్యాలకు కృత్రిమ కాంతి వాడారు. వాడిన తీరు మాత్రం వేరు. స్టూడియో పద్ధతిలో, పైన కట్టిన పెద్ద లైట్ల నుంచి నటుడి ముఖానికి ఒకటి, వెనుక నుంచి జుట్టు అంచులకు ఒకటి, గోడకు మరొకటి వేస్తారు. ఒక్కో లైటు ఒక్కో చోటికి గురిపెట్టి ఉంటుంది కాబట్టి, నటుడు నేల మీద గీసిన సున్నపు గుర్తు దాటి అడుగు వేస్తే ముఖం చీకట్లోకి పోతుంది. నటుడు తనకు నచ్చినట్టు నడవలేడు, దర్శకుడు అప్పటికప్పుడు మనసు మార్చుకోలేడు, షాటుకూ షాటుకూ మధ్య గంటల కొద్దీ వేచి ఉండాలి.

కుతార్ చేసినదల్లా ఫొటోఫ్లడ్ అనే ఎక్కువ కాంతినిచ్చే బల్బులను కిటికీల పైభాగంలో వరుసగా అమర్చి, వాటిని గది కప్పు వైపు తిప్పడం. తెల్లటి కప్పుకు తగిలి చెదిరిన వెలుతురు గదంతా సమంగా పరుచుకుంటుంది. కిటికీ వైపు నుంచే బయలుదేరుతుంది గనుక పగటి వెలుగే లోపలికి వచ్చిందనిపిస్తుంది. ఫొటోఫ్లడ్ మామూలు బల్బులాగే ఇంట్లోని హోల్డరులో పడుతుంది. పెద్ద జనరేటర్లు, బరువైన స్టాండ్లు అక్కర్లేదు. ఈ ఏర్పాటు ఒకసారి చేసుకున్నాక నటులు గదిలో ఎక్కడైనా తిరగవచ్చు, కెమెరాను ఏ మూలకైనా తిప్పవచ్చు.

కప్పుకు తగిలి తిరిగొచ్చే కాంతి బాగా బలహీనపడుతుంది. వేగమైన ఫిల్ము, బాగా తెరుచుకునే లెన్సులు లేకపోతే ఈ పద్ధతి నడవదు. అంటే వీధిలో లైట్లు లేకుండా తీయడానికి పనికొచ్చిన అనుభవమే గదిలో లైట్లతో తీయడానికీ పనికొచ్చింది. ఆ కాలంలో చేతిలో కెమెరా పట్టుకుని పరిగెత్తినవారు వేరే కూడా ఉన్నారు. కుతార్ గొప్పతనం ఆ పరుగులో కంటే, నటుడి కాళ్లకు సంకెళ్లు వేయని ఈ వెలుగులోనే ఉందని నేను నమ్ముతాను.

‘ఒక స్త్రీ స్త్రీయే’ అని అర్థం వచ్చే పేరుతో 1961లో వచ్చిన గొదార్ రంగుల చిత్రాన్ని స్టూడియోలో తీశారు. అయినా సెట్‌లోని అపార్ట్‌మెంట్‌కు నిజమైన ఇంట్లో ఉన్నట్టే కప్పు కట్టించారు. స్టూడియోల్లో సెట్లకు సాధారణంగా పైకప్పు ఉండదు, లైట్లు వేలాడదీయడానికి ఆ చోటు వదిలేస్తారు. స్టూడియోలోకి వెళ్లి కూడా స్టూడియో సౌకర్యాన్ని వద్దనుకున్నారన్నమాట.

ఈ పరోక్ష కాంతి పద్ధతిని కనిపెట్టింది కుతారేనా?

కాదు. మన దేశంలో సుబ్రత మిత్ర ఆయన కంటే ముందే ఆ పని చేశారు. 1956 నాటి సత్యజిత్ రాయ్ చిత్రం ‘అపరాజితో’ కోసం బెనారస్ ఇంటి లోగిలిని కలకత్తా స్టూడియోలో సెట్‌గా వేసినప్పుడు, దానిపై తెల్లటి గుడ్డ పరిచి, లైట్లను దానికి కొట్టించి, ఆకాశం నుంచి దిగే మెత్తటి వెలుగును తెప్పించారు. ఆ మిత్రకు సినిమా మీద ఆసక్తి పెంచింది ఒక ఫ్రెంచ్ బృందమే. జాన్ రెన్వార్ బెంగాల్‌లో ‘ది రివర్’ తీస్తున్నప్పుడు ఆయన అక్కడికి వెళ్లి, ఛాయాగ్రాహకుడు క్లోద్ రెన్వార్ పనిని గమనిస్తూ వివరాలు రాసుకునేవారు. కలకత్తాలో ఒకరు, పారిస్‌లో ఒకరు వేర్వేరు అవసరాల కోసం ఒకే పరిష్కారానికి చేరుకున్నారు. ముందు చేరుకున్నది మనవారని చెప్పుకోవడంలో తప్పులేదు.

త్రూఫో, దెమీలతో ఆయన పని ఎలా ఉండేది?

త్రూఫోతో నాలుగు కథా చిత్రాలు చేశారు: ‘షూట్ ది పియానిస్ట్’, ‘జూల్ ఎ జిమ్’, ‘ద సాఫ్ట్ స్కిన్’, ‘ద బ్రైడ్ వోర్ బ్లాక్’. ‘జూల్ ఎ జిమ్’లో కెమెరా సైకిళ్ల వెంట పరిగెడుతుంది, హెలికాప్టర్ ఎక్కుతుంది, గదిలో ఒక ముఖం నుంచి ఇంకో ముఖానికి గిర్రున తిరుగుతుంది. ఇదంతా వెడల్పాటి ఫ్రాన్‌స్కోప్ తెర మీద. చివరి చిత్రం ‘ద బ్రైడ్ వోర్ బ్లాక్’ దగ్గర ఇద్దరికీ పొసగలేదు. ఆ తరువాత మళ్లీ కలిసి పనిచేయలేదు.

దెమీతో చేసిన ‘లోలా’ (1961) గురించి ప్రత్యేకంగా చెప్పాలి. నాంత్ నగరంలో తీసిన ఈ నలుపు తెలుపు చిత్రంలో కిటికీలు, వాకిళ్లు తెల్లగా కాలిపోయి కనిపిస్తాయి. లోపల ముఖానికి సరిపడా ఎక్స్‌పోజర్ పెట్టి, బయటి వెలుగును దాని మానాన వదిలేశారు. పాత పద్ధతిలో నేర్చుకున్నవారికి ఇది దోషం. నౌకాశ్రయ నగరంలో ఎవరో ఒకరి కోసం ఎదురుచూస్తూ బతికే మనుషుల కథకు ఆ తెలుపు ఎంత ఒదిగిందో చూస్తే తెలుస్తుంది. ‘బ్రెత్‌లెస్’, ‘లోలా’ పక్కపక్కనే చూసినవారు రెండూ ఒకే కెమెరామన్ పని అంటే వెంటనే నమ్మరు.

రంగుల చిత్రాల్లో ఆయన ప్రత్యేకత ఏమిటి?

1963 నాటి ‘కంటెంప్ట్’ మొదటి షాట్‌లోనే కుతార్ కనిపిస్తారు. దూరం నుంచి ట్రాక్ మీద ఒక కెమెరా మెల్లగా మన వైపు వస్తుంది. దాని వెనుక కూర్చున్నది ఆయనే. టైటిల్స్ తెర మీద పడవు, గొదార్ గొంతు చదివి వినిపిస్తుంది. కెమెరా బాగా దగ్గరికి వచ్చాక లెన్సు పక్కకు తిరిగి, కిందికి వంగి, నేరుగా ప్రేక్షకుడి మీదికి గురి పెడుతుంది. అదే చిత్రంలో కాప్రీ దీవి మీద, మలాపార్తే భవనం డాబా మెట్ల దగ్గర తీసిన దృశ్యాల్లో సముద్రపు నీలం, ఎండలో మండే ఎర్రటి గోడ, రెండూ వెలిసిపోకుండా ఒకే ఫ్రేములో నిలబడ్డాయి. 

1965 నాటి ‘పియెర్రో ల ఫు’, 1967 నాటి ‘ఆమె గురించి నాకు తెలిసిన రెండు మూడు సంగతులు’ అనే చిత్రాలను టెక్నీస్కోప్‌లో తీశారు. ఇది ఫ్రేముకు మామూలుగా పట్టే నెగటివ్‌లో సగమే వాడుకునే పద్ధతి. దీనికి బొమ్మను నొక్కి పట్టే ప్రత్యేక లెన్సులు అక్కర్లేదు, సాధారణ లెన్సులు చాలు. అందువల్ల వెడల్పాటి తెర కోసం తీస్తూ కూడా వస్తువుకు బాగా దగ్గరగా వెళ్లే వీలుంటుంది. రెండో చిత్రంలోని కాఫీ కప్పు దృశ్యం దీనికి మంచి ఉదాహరణ. పైనుంచి చూస్తే కప్పులోని నల్లటి కాఫీ తెర మొత్తాన్నీ ఆక్రమిస్తుంది. బుడగలు గుండ్రంగా తిరుగుతూ, కలుసుకుని, పగిలిపోతాయి. చక్కెర ముక్క కరుగుతుంది. గొదార్ గుసగుసగా మాట్లాడుతూంటారు. కాసేపటికి మనం చూస్తున్నది కాఫీనా, ఆకాశంలోని నక్షత్ర మండలమా అన్న సందేహం కలుగుతుంది. ఖర్చు పరంగా చూస్తే ఒక కప్పు, ఒక చెంచా, ఒక లెన్సు. అంతే.

అదే ఏడాది వచ్చిన ‘వీకెండ్’లో ట్రాఫిక్ జామ్ దృశ్యం దాదాపు 8 నిమిషాల పాటు రోడ్డు పక్కన ట్రాక్ మీద కదులుతూ సాగుతుంది. మధ్యలో అక్షరాలు పడి ఆటంకం కలిగించినా, కెమెరా మాత్రం తొందరపడదు, వెనుదిరగదు.

గొదార్ నుంచి ఎందుకు విడిపోయారు?

1967 తరువాత గొదార్ మామూలు సినిమా నిర్మాణ పద్ధతిని వదిలి, రాజకీయ ఉద్యమ చిత్రాల వైపు వెళ్లారు. అందులో కుతార్‌కు చోటూ లేదు, ఇష్టమూ లేదు. రాజకీయంగా ఇద్దరూ మొదటి నుంచీ వేర్వేరు దారుల్లోనే ఉన్నారు. కుతార్ సైన్యంలో పనిచేసి వచ్చినవారు, షోండోర్ఫర్ వంటి సైనిక మిత్రులతో చివరిదాకా సంబంధం నిలుపుకున్నవారు. ఇంత అంతరం ఉన్నా అన్ని సినిమాలు కలిసి చేయగలిగారంటే, సెట్‌లో ఇద్దరినీ కలిపింది అభిప్రాయాలు కాదు, పని మీది గౌరవం.

1982లో ‘పాసియోన్’ కోసం గొదార్ మళ్లీ ఆయనతో పనిచేశారు. రెంబ్రాంట్, గోయా, దెలాక్రువా వంటి చిత్రకారుల వర్ణచిత్రాలను స్టూడియోలో మనుషులతో మళ్లీ నిలబెట్టే ప్రయత్నం గురించిన కథ అది. అందులోని దర్శకుడు వెలుతురు సరిగా లేదని పదే పదే బాధపడుతుంటాడు. ఆ చిత్రానికి కుతార్‌కు కాన్ చలనచిత్రోత్సవంలో సాంకేతిక బహుమతి లభించింది. మరుసటి ఏడాది ‘ప్రెనోమ్ కార్మెన్’ కూడా కలిసి చేశారు.

న్యూవేవ్‌కు బయట ఆయన చేసిన ముఖ్యమైన చిత్రాలేవి?

కోస్తా-గవ్రాస్ తీసిన ‘జెడ్’ (1969) ముందుగా చెప్పుకోవాలి. గ్రీసులో జరిగిన రాజకీయ హత్య ఆధారంగా, అల్జీరియాలో చిత్రీకరించిన ఫ్రెంచ్ చిత్రం. గుంపుల మధ్య దూరి తిరిగే ఆ కెమెరాలో ఇండోచైనా పత్రికా ఫోటోగ్రాఫర్ మళ్లీ కనిపిస్తాడు. అందులో శస్త్రవైద్యుడిగా చిన్న పాత్ర కూడా వేశారు. మరుసటి ఏడాది అదే దర్శకుడితో ‘ద కన్ఫెషన్’ చేశారు.

షోండోర్ఫర్‌తో కంబోడియాలో తీసిన ‘317వ ప్లాటూన్’ (1965) ఇండోచైనా యుద్ధం మీద వచ్చిన చిత్రాల్లో నాకు అన్నిటికంటే నిజాయితీగా కనిపిస్తుంది. అడవి, వాన, బురద, అలసిపోయిన మనుషులు. అక్కడ బతికి వచ్చిన ఇద్దరు కలిసి తీసిన సినిమా అది. 1977లో అదే జంట చేసిన ‘ల క్రాబ్-తంబూర్’ను అట్లాంటిక్ ఉత్తర భాగంలో నౌకాదళ నౌక మీద, తుఫాను అలల మధ్య చిత్రీకరించారు. దీనికే 1978లో ఉత్తమ ఛాయాగ్రహణానికి ఫ్రెంచ్ సినిమా పురస్కారమైన సెజార్ అవార్డు అందుకున్నారు. ఆ అవార్డులు ప్రారంభమైందే 1976లో గనుక, న్యూవేవ్ కాలం నాటి పనికి వాటిలో చోటు దక్కే అవకాశమే లేకపోయింది.

ఆయన దర్శకత్వం కూడా వహించారా?

వహించారు. 1970లో వచ్చిన ‘హోవా-బిన్’ ఆయన మొదటి చిత్రం. వియత్నాం యుద్ధంలో తండ్రి వెళ్లిపోయి, తల్లి దూరమైన పిల్లల కథ. కాన్‌లో తొలి చిత్రానికిచ్చే బహుమతి, ఫ్రాన్స్‌లో ఇచ్చే జాన్ వీగో పురస్కారం పొందింది. ఆస్కార్‌కు విదేశీ భాషా చిత్రాల విభాగంలో నామినేట్ అయింది. 1980లో ‘లా లెజియోన్ సోత్ స్యుర్ కోల్వెజీ’, ఆ తరువాత ఒక గూఢచారి చిత్రం తీశారు. ఈ రెండూ మొదటి దానితో పోల్చదగినవి కావు.

వృత్తి జీవితం చివర్లో ఏం చేశారు?

ఫిలిప్ గారెల్‌తో మూడు చిత్రాలు చేశారు: ‘లా నేసాన్స్ ద లామూర్’ (1993), ‘ల కేర్ ఫాంతోమ్’ (1996), ‘సోవాజ్ ఇనోసాన్స్’ (2001). గారెల్ తక్కువ డబ్బుతో, చిన్న బృందంతో పనిచేసే దర్శకుడు. 70 ఏళ్లకు దగ్గరపడ్డ ఛాయాగ్రాహకుడు పెద్ద యూనిట్లను వదిలి అటువంటి చోట పని చేయడం చూస్తే, డబ్బు కోసమో పేరు కోసమో కాదని అర్థమవుతుంది.

ఇవాళ ఫ్రాన్స్‌లో ఛాయాగ్రాహకులు కావాలంటే ఆయన దారి పనికొస్తుందా?

కుతార్ కాలంలోనే అది మామూలు దారి కాదు. జాతీయ సినిమా కేంద్రం ఇచ్చే వృత్తి కార్డుతో రెండో సహాయకుడిగా చేరి, ఫోకస్ పుల్లర్‌గా (లెన్సు ఫోకస్ సరిచూసే సహాయకుడిగా), కెమెరా ఆపరేటర్‌గా ఏళ్ల తరబడి మెట్లెక్కి ఛాయాగ్రాహకుడయ్యేవారు. ఇవాళ చాలామంది పారిస్‌లోని లా ఫెమీస్ సినిమా పాఠశాల నుంచి గానీ, సేన్-దెనీలోని లూయీ-ల్యూమియెర్ పాఠశాల నుంచి గానీ వస్తారు. రెండూ ప్రభుత్వ సంస్థలే, ప్రవేశం పోటీ పరీక్షతో, బోధన ఫ్రెంచ్‌లో. మన విద్యార్థులు ఎవరైనా వెళ్లదలిస్తే ముందు ఆ భాష బాగా పట్టుబడాలి.

చదువు ఎక్కడ చేసినా, కుతార్ నుంచి తీసుకోదగినది ఒకటుంది. తన నెగటివ్‌ను ల్యాబ్ దాకా వెంబడించిన కెమెరామన్ ఆయన. డిజిటల్ కాలంలో ఆ పని కలర్ గ్రేడింగ్ గదిలో, అంటే బొమ్మల రంగులూ వెలుగూ సరిదిద్దే చోట, జరుగుతుంది. అక్కడ కూర్చోకుండా వదిలేసే ఛాయాగ్రాహకుడు తన పనిలో సగాన్ని వేరొకరికి అప్పగించినట్టే.

ఏ చిత్రంతో మొదలుపెట్టాలి?

‘బ్రెత్‌లెస్’తో కాదు. దాని గురించి ఇప్పటికే చాలా విని ఉంటారు గనుక కళ్లతో కంటే జ్ఞాపకంతో చూస్తారు. ‘లోలా’తో మొదలుపెట్టి, కిటికీలనూ ముఖాలనూ గమనించండి. తరువాత ‘ఆల్ఫావిల్’ (1965) చూడండి. భవిష్యత్తు నగరం కోసం ఒక్క సెట్ కూడా వేయకుండా, అప్పటి పారిస్ రాత్రులనే హెచ్‌పీఎస్ ఫిల్ము మీద పట్టుకున్న తీరు అందులో ఉంది. ఆపైన ‘317వ ప్లాటూన్’, ‘కంటెంప్ట్’, ‘జెడ్’. ఇవన్నీ అయ్యాక ‘బ్రెత్‌లెస్’కు వచ్చి, హోటల్ గదిలోని పొడవాటి సంభాషణ దృశ్యంలో వెలుతురు ఎటు నుంచి వస్తోందో వెతకండి. 

ఏ చిత్రం చూసినా ఒక జాగ్రత్త తీసుకోవాలి. పాత వీడియో కాపీల్లో నలుపు మసకబారి, తెలుపు బూడిద రంగులోకి దిగి ఉంటుంది. క్రైటీరియన్ సంస్థ విడుదల చేసిన ‘బ్రెత్‌లెస్’, ‘కంటెంప్ట్’ డిస్కుల బదిలీని కుతార్ స్వయంగా చూసి ఆమోదించారు. వీలైతే వాటినే సంపాదించుకోండి.